టెండరు తిరస్కరించారు, గెలిచింది అక్క మరిది: హైకోర్టుకు వెళ్లమంటారా?

ప్రశ్న

నల్లగొండ జిల్లా దేవరకొండ వైపు నుంచి ఒక కాంట్రాక్టరు గారు ఏప్రిల్ నెలలో ఆరు పేజీల ఉత్తరం, దానితో పాటు కొన్ని జిరాక్సు కాగితాలు పంపారు. తన పేరు, ఊరు, టెండరు పిలిచిన శాఖ పేరు బయటికి రాకూడదని కోరారు కాబట్టి, పనిని గుర్తుపట్టగల వివరాలన్నీ తీసివేసి సారాంశం మాత్రమే ఇస్తున్నాను.

ఆయన పద్నాలుగేళ్లుగా సీసీ రోడ్లు, చెక్‌డ్యాములు, చెరువు పనులు చేస్తున్నారు. ఈ మధ్య ఒక చెరువుకు కట్ట బలోపేతం, అలుగు పునర్నిర్మాణం, రెండు తూముల మరమ్మతు కలిపి 1 కోటి 64 లక్షల రూపాయల అంచనాతో ఆన్‌లైన్ టెండరు పిలిచారు. ముగ్గురు వేశారు. ఈయన అంచనా కన్నా 11.4 శాతం తక్కువకు (లెస్‌కు) కోట్ చేశారు. అర్హత పత్రాలుండే టెక్నికల్ బిడ్లు తెరిచాక పోర్టల్‌లో ఈయన పేరుకు ఎదురుగా ‘అర్హత షరతులు నెరవేర్చలేదు’ అన్న ఒక్క వాక్యం కనిపించింది. కార్యాలయానికి వెళ్లి అడిగితే, ఎక్స్‌పీరియెన్స్ సర్టిఫికెట్ మీద ఈఈ (ఎగ్జిక్యూటివ్ ఇంజనీరు) సంతకం ఉంది గానీ ఆయన పై అధికారి ఎస్ఈ (సూపరింటెండింగ్ ఇంజనీరు) కౌంటర్ సంతకం లేదని ఒక ఉద్యోగి నోటిమాటగా చెప్పారు. అదే సర్టిఫికెట్‌ను రెండేళ్ల కిందట అదే కార్యాలయం ఇంకో పనికి అంగీకరించింది. మర్నాడే ధరల బిడ్లు తెరిచారు. అంచనా కన్నా 3.2 శాతం ఎక్కువకు (ఎక్సెస్‌కు) వేసినాయన ఎల్1 (మిగిలినవారిలో అతి తక్కువ ధర వేసినవారు) అయ్యారు, ఆయనకు అంగీకార పత్రం ఇచ్చారు, అగ్రిమెంటు మాత్రం ఇంకా కాలేదు. వైబ్రేటరీ రోలర్‌కు, టిప్పర్లకు సంబంధించిన లీజు కాగితాలను గెలిచినాయన గడువులోగా అప్‌లోడ్ చేయలేదని, బిడ్లు తెరిచిన తర్వాత చేత్తో తెచ్చి ఇస్తే తీసుకున్నారని కూడా ఈయనకు తెలిసింది.

గెలిచిన వ్యక్తి ఈయన అక్కకు స్వయానా మరిది. విషయం తెలిసి అక్క ఫోన్ చేసి, ‘తమ్మీ, కోర్టు కాగితాల్లో మా అత్తగారింటి పేరు రాయిస్తావా?’ అని ఏడ్చిందట. అదే డివిజన్‌లో ఈయన చేసిన రెండు పాత పనుల బిల్లులు 38 లక్షల దాకా రావలసి ఉన్నాయి. కోర్టుకు వెళితే అవి ఆగిపోతాయని తోటి కాంట్రాక్టర్లు భయపెడుతున్నారు. హైదరాబాద్‌లో కలిసిన ఒక న్యాయవాది మాత్రం ‘మొదటి రోజే స్టే వస్తుంది’ అని ధైర్యం చెప్పారు. పైగా ఆ చెరువు ఆయకట్టులోనే ఈయన మామగారికి రెండెకరాల పొలం ఉంది. నిరుడు అలుగు దగ్గర కోత పడి కట్ట సగం బలహీనమైంది. ‘హైకోర్టు నాకు పని ఇప్పిస్తుందా? వెళ్లమంటారా, ఊరుకోమంటారా?’ అన్నది ఆయన ప్రశ్న. ఉత్తరం రాసే నాటికి తిరస్కరణ జరిగి తొమ్మిది రోజులైంది.

సమాధానం

మీ చివరి ప్రశ్నకు ముందే జవాబు చెప్పి, ఆ తర్వాత వివరంలోకి వెళతాను. హైకోర్టు మీకు ఆ పని ఇప్పించే అవకాశం చాలా తక్కువ. మీ కేసు బలహీనమని నేను అనడం లేదు. అందులో బలమైన అంశం ఒకటి ఉంది, దాని సంగతి కింద చెబుతాను. అయితే మీరు అడగదలచుకున్న ప్రశ్న వేరు, ఇలాంటి వ్యాజ్యంలో కోర్టు తనను తాను వేసుకునే ప్రశ్న వేరు. పని ఎవరికి దక్కాలన్నది మీ ప్రశ్న. పని ఎవరికి ఇవ్వాలో తేల్చిన అధికారి ఆ నిర్ణయానికి సక్రమమైన దారిలో వచ్చాడా లేదా అన్నది కోర్టు ప్రశ్న. మొదటిదానికి జవాబు వెతుక్కుంటూ వెళ్లినవారికి రెండోదాని జవాబు చేతికి వస్తుంది, దానితో చాలామంది నిరాశపడతారు.

ఈ తేడాను మన దేశంలో స్థిరపరచిన తీర్పు 1994 నాటి టాటా సెల్యులార్ కేసు. నాలుగు మహానగరాల్లో మొబైల్ ఫోన్ సేవల లైసెన్సుల ఎంపిక మీద వచ్చిన వివాదం అది. టెండరు నిర్ణయం మీద కోర్టు అప్పీలు అధికారిలా కూర్చోదని, నిర్ణయం తీసుకున్న పద్ధతిని మాత్రమే పరిశీలిస్తుందని సుప్రీంకోర్టు అందులో స్పష్టం చేసింది. 2006 డిసెంబరులో జగదీశ్ మండల్ కేసులో దీన్ని రెండు ప్రశ్నలకు కుదించింది. ఆ నిర్ణయం దురుద్దేశంతోనో, ఒకరికి మేలు చేయడానికో తీసుకున్నదా, లేక బుద్ధి ఉన్న ఏ అధికారీ తీసుకోనంత అడ్డగోలుగా ఉందా అన్నది మొదటిది. దానివల్ల ప్రజాప్రయోజనానికి దెబ్బ తగిలిందా అన్నది రెండోది. రెండింటికీ కాదన్న జవాబు వస్తే కోర్టు చేయి పెట్టదు. ఓడిన టెండరుదారులు దెబ్బతిన్న అహంతోనూ వ్యాపార పోటీతోనూ చిన్న లోపాలను పెద్దవి చేసి కోర్టుకు వస్తారన్న హెచ్చరిక కూడా ఆ తీర్పులోనే ఉంది. మీ అక్కగారింటి సంగతి అవతలి పక్షం ప్రస్తావిస్తే ఆ హెచ్చరికను మీకే అంటగడతారు, అందుకు సిద్ధపడండి.

ఇప్పుడు మీ ఉత్తరాన్ని ఈ కొలతతో చూద్దాం. అందులో నాలుగు ఫిర్యాదులు కలగాపులగంగా ఉన్నాయి. మీకు కోపం ఎక్కువగా ఉన్న చోట కేసు బలహీనంగా ఉంది, మీరు మూడు పంక్తుల్లో దాటేసిన చోట బలంగా ఉంది.

మీరు ఎక్కువగా రాసింది ధర గురించి. మీ 11.4 శాతం లెస్‌కూ ఆయన 3.2 శాతం ఎక్సెస్‌కూ మధ్య, అంచనా విలువ మీద లెక్కవేస్తే, దాదాపు 23 లక్షల 94 వేల రూపాయల తేడా వస్తుంది. ఖజానాకు ఇంత నష్టమా అని మీరు ఆవేదన చెందారు. అర్థం చేసుకోగలను గానీ, టెక్నికల్‌లో పోయినవారి ధరల బిడ్ తెరవరు. తెరవని బిడ్‌లోని అంకె టెండరు లెక్కలో లేనట్టే. అర్హత ఉండి కూడా మిమ్మల్ని అన్యాయంగా పక్కన పెట్టారని ముందు తేలితే, ఈ 24 లక్షల మాట ప్రజాప్రయోజనం అన్న రెండో ప్రశ్నకు బాగా ఉపయోగపడుతుంది. అంతవరకు దాన్ని అఫిడవిట్ మొదటి పేజీలో పెట్టవద్దు.

రెండోది సర్టిఫికెట్. మీరు పంపిన జిరాక్సును రెండు మూడుసార్లు చూశాను. పైన పని పేరు, ఒప్పందం నంబరు, పూర్తిచేసిన సంవత్సరం, విలువ ఉన్నాయి. కింద కుడివైపున ఈఈ సంతకం, గుండ్రటి ముద్ర స్పష్టంగా ఉన్నాయి. ఎడమవైపున చుక్కల గీత, దాని కింద కౌంటర్ సంతకం అన్న అచ్చు మాట ఉన్నాయి, గీత మీద మాత్రం ఖాళీ. ఆ ఖాళీ మీదనే ఇప్పుడు కోటీ అరవై నాలుగు లక్షల పని నిలబడి ఉంది. సర్టిఫికెట్ నిజమైనదేనని, పని నిజంగా చేశానని మీరంటున్నారు. శాఖ కూడా కాదనడం లేదు. అయితే టెండరు పత్రంలో ‘ఈఈ జారీచేసి, ఎస్ఈ కౌంటర్ సంతకం చేసిన సర్టిఫికెట్ జతచేయాలి, లేకుంటే బిడ్ తిరస్కరించబడుతుంది’ అన్న అర్థంలో షరతు ఉన్నదా, లేక సర్టిఫికెట్ జతచేయాలని మాత్రమే ఉండి కౌంటర్ సంతకం మాట నమూనా ఫారంలో మాత్రమే ఉన్నదా అన్నది మీరు రాయలేదు. కేసు బలాబలాల్లో సగం ఈ వాక్యం మీదే ఆధారపడుతుంది. ఆ పత్రాన్ని ఈ రాత్రే తీసి, ఆ షరతు కింద గీత గీసి పెట్టుకోండి.

ఎందుకంటే టెండరు షరతులన్నిటినీ చట్టం ఒకే బరువుతో చూడదు. 1991లో పొద్దార్ స్టీల్ కేసు వచ్చింది. ధరావతు సొమ్మును నగదుగానో, స్టేట్ బ్యాంకు మీద తీసిన డీడీగానో కట్టాలన్నది అక్కడి షరతు. ఒకాయన యూనియన్ బ్యాంకు చెక్కు పెట్టాడు, శాఖ అంగీకరించింది. అది అర్హతకు ప్రాణమైన షరతు కాదు, అనుబంధమైనది, అలాంటిదాన్ని అధికారి సడలించవచ్చు అని సుప్రీంకోర్టు అంది. దీన్ని చూపి ‘నాదీ చిన్న లోపమే కదా’ అని మీ న్యాయవాది వాదించవచ్చు. అయితే ఆ కేసులో సడలింపు ఇచ్చింది శాఖే, కోర్టు ఆ నిర్ణయాన్ని నిలబెట్టింది. సడలించే అధికారం శాఖకు ఉందనడం, సడలించి తీరాలని మీరు డిమాండు చేయవచ్చనడం ఒకటి కావు. ఆ తర్వాతి తీర్పుల్లో, ముఖ్యంగా 2016లో వచ్చిన సెంట్రల్ కోల్‌ఫీల్డ్స్, అఫ్కాన్స్ కేసుల్లో, ఏ షరతు తప్పనిసరో తేల్చుకునేది టెండరు పిలిచినవారేనని, పత్రం రాసినవారి అర్థమే ముందుగా చెల్లుతుందని కోర్టు ఇంకా గట్టిగా చెప్పింది. కాబట్టి సర్టిఫికెట్ వాదన ఒక్కదానితోనే వెళితే మీరు ఓడిపోయే అవకాశమే ఎక్కువని నా అంచనా.

రెండేళ్ల కిందట అదే సర్టిఫికెట్‌ను తీసుకున్నారన్నది మూడో ఫిర్యాదు. ఒకసారి చూసీచూడనట్టు పోయినంత మాత్రాన మళ్లీ అలాగే పోవాలన్న హక్కు పుట్టదు. అప్పటి షరతు, ఇప్పటి షరతు అక్షరం తేడా లేకుండా ఒకటే అయితే మాత్రం దాన్ని మీ అర్జీలో ఒక పేరాగా వాడుకోవచ్చు. ఇక, చిన్న కాంట్రాక్టర్లను ఎస్ఈ కార్యాలయం చుట్టూ తిప్పే షరతే అన్యాయమని మీరు రాసిన రెండు పేజీలను దయచేసి పక్కన పెట్టండి. అది నిజమే కావచ్చు, నేనూ ఒప్పుకుంటాను. కానీ షరతు చదివి, ఒప్పుకుని, బిడ్ వేసి, ఓడిన తర్వాత ఆ షరతే తప్పంటే ఏ కోర్టూ వినదు.

మిగిలింది మీరు మూడు పంక్తుల్లో రాసి వదిలేసిన విషయం. మీ కాగితంలో లోపం ఉంటే మిమ్మల్ని తీసేశారు. అవతలివారి కాగితాలు అసలే లేకపోతే తర్వాత తెప్పించుకున్నారు. మీ కేసులో ప్రాణమున్న భాగం ఇదే. షరతును కచ్చితంగా పట్టుకోవడం అధికారి ఇష్టం, సడలించడమూ కొంతవరకు ఆయన ఇష్టమే. ఒకరికి పట్టుకుని, ఇంకొకరికి సడలించడం మాత్రం ఆయన ఇష్టం కాదు, అక్కడ అందరినీ సమానంగా చూడాలనే రాజ్యాంగంలోని 14వ అధికరణం అడ్డం వస్తుంది. 2024 అక్టోబరులో బన్సీధర్ కన్‌స్ట్రక్షన్ కేసులో సుప్రీంకోర్టు చూసింది సరిగ్గా ఇలాంటి వ్యవహారమే. ఒక ప్రభుత్వ బొగ్గు సంస్థ ఒకరి టెక్నికల్ బిడ్‌ను పత్రాల లోపం పేరుతో తిరస్కరించి, గెలిచిన సంస్థ పత్రాల లోపాన్ని మాత్రం పట్టించుకోలేదని కోర్టు తేల్చి, తిరస్కరణనూ ఎంపికనూ వాటి మీద చేసుకున్న ఒప్పందాన్నీ కొట్టేసింది. ఆ తీర్పులో ఇంకో మాట కూడా గమనించండి. గెలిచిన అప్పీలుదారుకు కోర్టు పని అప్పగించలేదు, కొత్తగా టెండరు ప్రక్రియ మొదలుపెట్టుకునే వీలును సంస్థకు ఇచ్చింది. అంటే అంత దూరం వెళ్లి గెలిచినా, దక్కేది మళ్లీ బిడ్ వేసుకునే అవకాశమే.

ఈ సమానత్వ సూత్రానికి మూలమైన కేసు గురించి కొంచెం వివరంగా చెప్పాలి, ఎందుకంటే మీ పరిస్థితికి అది ఒక హెచ్చరిక. 1979 నాటి రమణ దయారాం శెట్టి కేసును టెండరు వ్యాజ్యాల్లో ఉదహరించని న్యాయవాది ఉండడు. బొంబాయి విమానాశ్రయంలో ఒక రెస్టారెంటు, రెండు స్నాక్ బార్లు నడపడానికి టెండరు పిలిచారు. రెండో తరగతి హోటలు నడిపిన అయిదేళ్ల అనుభవం ఉండాలన్నది షరతు. ఆ అనుభవం లేనివారికి ఇచ్చారు. ప్రభుత్వం తాను పెట్టుకున్న కొలతను తానే దాటకూడదని, అలా దాటితే ఆ షరతు చూసి టెండరు వేయకుండా ఆగిపోయినవారికి అన్యాయం చేసినట్టేనని సుప్రీంకోర్టు గొప్పగా చెప్పింది. చట్టం ఆయన పేరు మీద నిలబడింది. ఆయనకు మాత్రం ఏమీ దక్కలేదు. అయిదు నెలలకు పైగా ఆలస్యంగా కోర్టుకు వచ్చాడని, ఈలోగా గెలిచినవారు డబ్బు ఖర్చు పెట్టి పని మొదలుపెట్టారని, అతని వెనక వేరే ఎవరో ఉండి వ్యాజ్యం నడిపిస్తున్నారని కారణాలు చూపి కోర్టు ఉపశమనం నిరాకరించింది. నలభై ఏళ్లకు పైగా ఆ తీర్పు ఇతరులను గెలిపిస్తూనే ఉంది. మీరు తొమ్మిది రోజులు ఆలోచిస్తూ కూర్చున్నారు. అగ్రిమెంటు మీద సంతకాలు పడితే ఒక మెట్టు, కట్ట మీదకు పొక్లెయిన్ దిగితే ఇంకో మెట్టు, మట్టి పోసి రోలింగ్ మొదలైతే మూడో మెట్టు. ఒక్కో మెట్టు దాటేకొద్దీ మీకు మంచి జవాబు వచ్చే అవకాశం తగ్గిపోతుంది. దీనికి తోడు మే నెలలో హైకోర్టుకు వేసవి సెలవులు వస్తాయి, అప్పుడు వెకేషన్ బెంచీలు అత్యవసరమైన వ్యాజ్యాలనే చూస్తాయి.

‘మొదటి రోజే స్టే’ అన్న హామీ గురించి కూడా చెబుతాను. అలాంటి హామీ ఇచ్చేవారి దగ్గర కేసు పెట్టే ముందు ఇంకొకరి అభిప్రాయం తీసుకోండి. నిర్మాణ పనుల మీద స్టేలు ఇవ్వడానికి కోర్టులు ఈ మధ్య బాగా వెనకాడుతున్నాయి. 2018లో నిర్దిష్ట ఉపశమన చట్టాన్ని సవరించి, మౌలిక సదుపాయాల ప్రాజెక్టులకు ఆటంకం కలిగించే నిషేధ ఉత్తర్వులు ఇవ్వకూడదని 41వ సెక్షన్‌లో చేర్చారు. ఆ చట్టం షెడ్యూలులో నీటిపారుదల కింద ఆనకట్టలు, కాలువలు, కట్టలు కూడా ఉన్నాయి, కాబట్టి మీ చెరువు కట్టను కూడా అందులోకే లాగుతారు. ఆ నిబంధన నేరుగా సివిల్ కోర్టులకు చెప్పినదే అయినా, అధికారుల నిర్ణయాల మీద హైకోర్టులో వేసే రిట్ అర్జీల్లో కూడా దాని ఉద్దేశాన్ని మనసులో పెట్టుకోవాలని, అవసరమైతే నష్టపరిహారంతో సరిపెట్టాలే తప్ప పనిని ఆపకూడదని 2022లో ఎన్.జి. ప్రాజెక్ట్స్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. ప్రభుత్వ ప్లీడరు లేచి ‘అలుగు దగ్గర కోత పడింది, జూన్‌లో వానలు మొదలవుతాయి, కట్ట తెగితే ఆయకట్టంతా పోతుంది’ అని ఒక్క మాట అంటే, దాని ముందు మీ స్టే అర్జీ నిలబడటం కష్టం. మీ మామగారి పొలం ఆ కట్ట కిందే ఉందని మీరే రాశారు, కనుక ఆ మాటలో నిజమెంతో మీకు ఎవరూ చెప్పనక్కరలేదు. అగ్రిమెంటు కాకముందే వెళితే మాత్రం ‘తుది నిర్ణయానికి లోబడి’ అన్న ఉత్తర్వో, రికార్డులు తెప్పించి వారం పది రోజుల్లో విచారించడమో జరగవచ్చు. నాకు తోచిన మేరకు మీరు ఆశించదగ్గది అంతవరకే.

ఇక చేయగలిగిన పనులు.

మొదట కార్యాలయానికి ఒక వినతిపత్రం ఇవ్వండి. ఎక్కడికి వెళ్లాలనుకున్నా ఇది తప్పదు. టెండరు పిలిచిన అధికారికి, ఆయన పై అధికారికి రెండు పేజీలు మించకుండా రాయండి. నన్ను ఏ షరతు కింద తిరస్కరించారో రాతపూర్వకంగా చెప్పండి, మిగతా బిడ్డర్ల యంత్రాల పత్రాలు ఏ తేదీన అందాయో చూపండి, అది తేలేవరకు అగ్రిమెంటు చేయవద్దు అని అడగండి. ఇన్‌వార్డ్ ముద్ర, తేదీ వేయించుకుని, రిజిస్టర్డ్ పోస్టులోనూ పంపండి. దీనివల్ల అధికారి మనసు మారుతుందని నేను అనుకోను. అయితే పోర్టల్‌లో ఉన్న ఆ ఒక్క వాక్యం తప్ప మీ దగ్గర ప్రస్తుతం కారణమంటూ ఏమీ లేదు, కౌంటర్ సంతకం సంగతి కూడా ఒక ఉద్యోగి నోటిమాటే. ఉత్తర్వులో రాయని కారణాలను తర్వాత అఫిడవిట్‌లో కొత్తగా చేర్చి దాన్ని బలపరచడం కుదరదని 1977లో మొహిందర్ సింగ్ గిల్ కేసులోనే తేలింది. వారు జవాబు ఇస్తే ఆ జవాబుకు కట్టుబడతారు, ఇవ్వకపోతే ఆ మౌనం మీకు పనికొస్తుంది. ఎటైనా కోర్టు అడిగే మొదటి ప్రశ్న, ‘ముందు శాఖను అడిగారా?’ అన్నదానికి మీ దగ్గర కాగితం ఉంటుంది. కర్ణాటక, తమిళనాడుల్లో టెండర్ల పారదర్శకత చట్టాలు ఉండి, వాటిలో అప్పీలు దారి ఉంది. మనకు టెండర్లు ప్రధానంగా జీవోల మీద నడుస్తాయి కనుక ఈ వినతిపత్రమే మనకు అప్పీలు లాంటిది.

సమాచార హక్కు చట్టం కింద మూల్యాంకన పట్టికకూ గెలిచినవారి టెక్నికల్ పత్రాలకూ అర్జీ కూడా పెట్టండి. జవాబుకు 30 రోజుల గడువుంటుంది, వ్యాపార రహస్యమని కొన్నిటిని ఇవ్వకపోవచ్చు. ఆ జవాబు కోసం మాత్రం కోర్టును వాయిదా వేయకండి. రికార్డులు తెప్పించమని హైకోర్టునే అడగవచ్చు. పోర్టల్‌లో మీ లాగిన్‌కు ఇప్పుడు కనిపిస్తున్న పేజీలన్నిటినీ తేదీ, సమయం కనిపించేలా ఈరోజే ప్రింటు తీయండి. లీజు కాగితాలు చేత్తో తెచ్చి ఇచ్చిన సంగతి మీకు చెప్పిన చిన్న ఉద్యోగి పేరును ఎక్కడా రాయకండి. ఆయన మాట సాక్ష్యంగా చెల్లదు, ఆయన ఉద్యోగం మాత్రం చిక్కుల్లో పడుతుంది. ఆ సంగతి రికార్డుల్లో ఉండాలి, లేదా అప్‌లోడ్ తేదీల్లో కనిపించాలి. రెండు చోట్లా లేకపోతే మీ కేసు కూడా లేనట్టే, ఈ విషయంలో మిమ్మల్ని మీరు మోసం చేసుకోవద్దు.

రిట్ దాఖలు చేయాలనుకుంటే వినతిపత్రం ఇచ్చిన మూడు నాలుగు రోజుల్లోనే చేయాలి. 226వ అధికరణం కింద వేసే ఆ అర్జీలో ‘పని నాకే ఇప్పించండి’ అని ప్రధానంగా కోరవద్దు. నా తిరస్కరణను రద్దుచేసి, అందరికీ ఒకే కొలత పెట్టి బిడ్లను మళ్లీ పరిశీలించమని ఆదేశించండి, అది కుదరకపోతే తిరిగి టెండరు పిలవమనండి అని కోరండి. గెలిచినాయనను ప్రతివాదిగా చేర్చకుండా ఈ వ్యాజ్యం నడవదు. ఆయన హక్కు మీద ప్రభావం పడే ఉత్తర్వును ఆయన లేకుండా కోర్టు ఇవ్వదు. అంటే అక్క భయపడినట్టు వారింటి పేరు కాగితాల్లోకి రాక తప్పదు. అయితే ఎలా రావాలన్నది కొంత మీ చేతుల్లో ఉంది. ఆయన లంచం ఇచ్చాడని, అధికారితో కుమ్మక్కయ్యాడని రుజువు లేకుండా ఒక్క మాట కూడా రాయించకండి. ఎవరిమీదైనా దురుద్దేశం ఆపాదిస్తే ఆ అధికారిని పేరుతో ప్రతివాదిగా చేర్చాలి, వివరాలతో నిరూపించాలి, నిరూపించలేకపోతే మొత్తం అర్జీ విలువే పడిపోతుంది. మీ వాదన అధికారి పద్ధతి మీద ఉంటే చాలు. సింగిల్ జడ్జి దగ్గర ఓడితే డివిజన్ బెంచికి అప్పీలు ఉంటుంది గానీ, అప్పటికి చెరువు పని ఎక్కడిదాకా వస్తుందో మీరే లెక్క వేసుకోగలరు. ఓడితే ఖర్చులు కూడా మీ మీద పడవచ్చు. వ్యాపార వివాదాల్లో ఓడినవారే ఖర్చులు భరించాలని సుప్రీంకోర్టు 2021లో యూఫ్లెక్స్ కేసులో గట్టిగానే చెప్పింది.

నష్టపరిహారం కోసం సివిల్ దావా అన్న దారి కాగితం మీద ఉంది. ప్రభుత్వానికి రెండు నెలల ముందస్తు నోటీసు ఇవ్వాలి, అగ్రిమెంటే లేని చోట లాభం ఎంత పోయిందో నిరూపించాలి. మీ స్థాయి పనికి ఆ శ్రమ గిట్టుబాటు కాదని నా అభిప్రాయం.

38 లక్షల బిల్లుల గురించి మీ తోటివారు చెప్పింది పూర్తిగా అబద్ధమని నేను చెప్పలేను. చట్టం ప్రకారం చేసిన పని బిల్లుకూ ఈ టెండరుకూ సంబంధం లేదు, రిట్ వేశారన్న కారణంతో బిల్లు ఆపడం అదే ఒక కొత్త తప్పు అవుతుంది. నోటీసు ఇవ్వకుండా, మీ మాట వినకుండా మిమ్మల్ని బ్లాక్‌లిస్టులో పెట్టడం కుదరదని 1974లోనే ఎరూసియన్ కేసులో తేలింది. కానీ ఫైలు ఒక బల్ల మీద నుంచి ఇంకో బల్ల మీదకు పోవడానికి మూడు వారాలు పట్టించడాన్ని ఏ కోర్టు ఆపగలదు? కాబట్టి రిట్ వేయడానికి ముందు, రేపో ఎల్లుండో, ఆ రెండు పనుల ఎం-బుక్ (పని కొలతలు రాసే పుస్తకం) నమోదులు పూర్తయ్యాయో లేదో చూసుకుని, ఏ బిల్లు ఏ తేదీ నుంచి ఎక్కడ ఆగి ఉందో వివరిస్తూ విడిగా ఒక ఉత్తరం ఇచ్చి ముద్ర వేయించుకోండి. ఆ బిల్లులు రిట్ కన్నా ముందే ఆగి ఉన్నాయో, తర్వాత ఆగాయో రేపు ఎవరైనా అడిగితే మీ దగ్గర తేదీ ఉంటుంది. ఆ డబ్బు మీదే ఇంటి కిస్తీలు, కూలీల బాకీలు నడుస్తున్నాయని రాశారు. అది నిజంగా అంత బిగువుగా ఉంటే, ఈ ఒక్క లెక్కే మిమ్మల్ని ఊరుకోమని చెప్పవచ్చు, అందులో పిరికితనమేమీ లేదు.

ఊరుకుంటే చేయవలసిన పని కూడా ఉంది. ఆ సర్టిఫికెట్ తీసుకెళ్లి ఎస్ఈ కార్యాలయంలో ఆ ఖాళీ గీత మీద సంతకం చేయించండి, అలాంటివి ఇంకెన్ని ఉంటే అన్నీ. తర్వాతి టెండరులో ఏదైనా షరతు అర్థం కాకపోతే, బిడ్ వేయకముందే రాతపూర్వకంగా వివరణ అడగండి. ఈ ఉదంతం మీద వినతిపత్రం మాత్రం ఎలాగూ ఇవ్వండి, ఎందుకంటే చేత్తో తెచ్చిన కాగితాలు తీసుకున్న సంగతి రికార్డుకు ఎక్కితే ఇంకోసారి అలా చేయడానికి ఆ కార్యాలయం ఆలోచిస్తుంది.

మీ స్థానంలో నేనుంటే ఎలా తూచేవాడినో చెబుతాను, నిర్ణయం మాత్రం మీదే. షరతులో ‘లేకుంటే తిరస్కరించబడుతుంది’ అన్న మాట ఉండి, అవతలివారి కాగితాలు ఆలస్యంగా వచ్చినట్టు పోర్టల్‌లో ఏ ఆధారమూ కనిపించకపోతే, వినతిపత్రంతో ఆగిపోతాను. ఆలస్యంగా తీసుకున్నట్టు తేదీలు కనిపించి, అగ్రిమెంటు కూడా ఇంకా కాకపోతే, మే సెలవులకు ముందే రిట్ వేస్తాను, స్టే మీద ఆశ పెట్టుకోను. తేదీలు కనిపించినా ఇది మీ చేతికి అందేసరికి కట్ట మీద పని మొదలైపోయి ఉంటే మాత్రం నేను కూడా తటపటాయిస్తాను. అలాంటప్పుడు గెలిచినా దక్కేది తక్కువ, నిరుటి కోతకు ఇంకో వానాకాలం తోడవుతుంది.

అక్కగారి విషయంలో ఒకటే చెబుతాను. రిట్ వేయాలని నిశ్చయించుకుంటే, కోర్టు నోటీసు పోస్టులో వారింటికి చేరేలోపు మీరే స్వయంగా వెళ్లండి. బావగారి ముందు, ఆ మరిది ముందు అర్జీ ప్రతి పెట్టి, ఇందులో మీ మీద ఒక్క నింద కూడా లేదు, చదువుకోండి, నా గొడవ ఆఫీసుతోనే అని చెప్పండి. వారు నమ్మకపోవచ్చు, ఆ పూట భోజనం పెట్టకపోవచ్చు. అయినా ఆ కాగితాన్ని వారు మొదట మీ చేతి నుంచే అందుకోవాలి.